అతుకుల గది గడియ

అలిడా హేరింగ్ అంత పిరికి మనిషిని బుద్ధెరిగాక నేను ఇంకొకరిని చూడలేదు. ఫెర్రీ ఎక్కాలంటే భయం, దిగాలంటే భయం. వీధిలో గుర్రం తుమ్మితే గోడకి అంటుకుపోయేది. ఎవరైనా వెనక నుంచి పేరు పెట్టి పిలిస్తే "అయ్యో దేవుడా!" అని గుండె పట్టుకుని అప్పుడు తిరిగి చూసేది. అందుకని మేం ఆవిడకి 'అయ్యోదేవుడమ్మ' అని పేరు పెట్టుకున్నాం. అలాంటి మనిషి నిప్పురవ్వ తగిలితే భగ్గుమనే సరుకు మధ్య ఏళ్ళ తరబడి కూర్చుని పనిచేసింది, మా అందరి చేతా చేయించింది. ఎందుకు చేసిందంటే ఏం చెప్పను? తల్లి మంచాన పడి ఉంది, పెళ్ళి కాలేదు, అంతకుముందు పనిచేసిన చొక్కా కాలర్ల ఫ్యాక్టరీ మూతపడింది. భయం ఉన్నవాళ్ళకి మాత్రం ఆకలెయ్యదా?

మాది ఫోర్ట్ లీ, న్యూయార్కుకి నది ఇవతలి ఒడ్డు. ఇప్పుడైతే మా కొండ మీద సినిమా కంపెనీల పేర్లు చెప్పమంటే ముసలివాళ్ళు కూడా తడుముకుంటారు గానీ, ఆ రోజుల్లో ఏ సందులోకి తిరిగినా ఒక కెమెరా అడ్డమొచ్చేది. మేం పనిచేసింది ఓస్ట్రాండర్ కంపెనీలో. దాని యజమాని సైరస్ ఓస్ట్రాండర్ నదికి అవతల న్యూయార్కులో చేతితొడుగులు అమ్ముకునేవాడు. బొమ్మల పిచ్చి పట్టి కొట్టు అమ్మేసి, ఒక కెమెరా కొని, మా ఊళ్ళో బీరు అమ్మే సెలూన్ వెనక గుర్రాల కొట్టం అద్దెకి తీసుకున్నాడు. సెలూన్లో బీరు తాగేవాళ్ళే దొంగలు, వాళ్ళే పోలీసులు, మొహాలకి రంగు పూస్తే వాళ్ళే రెడ్ ఇండియన్లు. హీరోయిన్ రాని రోజు ఫెర్రీ దగ్గర వేయించిన వేరుశనక్కాయలు అమ్మే ఆవిణ్ణి బతిమాలి తీసుకొచ్చి, కొండ అంచున నిలబెట్టి ఏడవమన్నారు. ఆవిడ కాయలు ఎవరు కాస్తారన్న దిగులుతో నిజంగానే ఏడ్చింది. ఆ బొమ్మ బాగా ఆడింది.

అలా మొదలైన కంపెనీకి మూడేళ్ళు తిరక్కుండా, ఎండ వెలుతుర్లో బొమ్మలు తియ్యడానికి అద్దాల షెడ్డు లేచింది. కొట్టం మీద ఒక అంతస్తు వేశారు. అదే మా అతుకుల గది. కంపెనీలో మొట్టమొదట పనిలో పెట్టుకున్న ఆడమనిషి అలిడా. గదికి పెద్ద ఆవిడే. నేను టెస్ మల్కాహీని, ఆవిడ బల్లకి ఎదురుగా కూర్చునేదాన్ని. నోటి దురుసు వల్ల అక్కడ కూర్చోబెట్టారు, చెయ్యి చురుకు వల్ల కాదు.

పని చెబుతాను. తీసిన ఫిలిం ముక్కలు ముక్కలుగా వస్తుంది. వరసలో పెట్టి అతకాలి. ఫిలింకి ఒక వైపు బొమ్మ పడే మందు పూసి ఉంటుంది. ఆ వైపు బ్లేడుతో గీకి, జిగురు రాసి, రెండో ముక్క మీద పెట్టి నొక్కాలి. ఏది మందు వైపో చీకట్లో కళ్ళకి ఆనదు కాబట్టి అంచుని పెదాల మధ్య పెట్టి చూసేవాళ్ళం, అంటుకున్న వైపు మందు వైపు. రోజంతా అలా పెట్టీ పెట్టీ మా పెదాలు పగిలి ఉండేవి. మా గదిలో పిల్లని ముద్దు పెట్టుకున్నవాడికి ఫోటో వస్తుందని సెలూన్లో మగాళ్ళు వెకిలి నవ్వులు నవ్వేవారు. జిగురుది అరటిపండు వాసన. నేను ఇప్పటికీ అరటిపండు ముట్టను.

కొత్త పిల్ల చేరిన రోజున అలిడా అందరినీ పెరట్లోకి తీసుకెళ్ళేది. వేలెడంత ఫిలిం ముక్క పెనంలో వేసి అగ్గిపుల్ల గీసి పడేసి వెనక్కి దూకేది. బుస్సుమని పసుప్పచ్చ మంట లేచేది. ఆ మండుతున్న దాన్ని పటకారుతో పట్టి నీళ్ళ బకెట్లో ముంచేది. నీళ్ళ అడుగున కూడా అది కాలుతూనే ఉండేది. నురగ, పొగ, కింద ఎర్రగా కన్ను తెరుచుకున్నట్టు నిప్పు.

"చూశావుగా, పిల్లా," అనేది. "దీన్ని ఆర్పడమంటూ లేదు. అంటుకుంటే పారిపోవడమే. ఏం చేస్తావు?"

"పారిపోతానండి."

"దేన్ని పట్టుకుని?"

"దేన్నీ పట్టుకోనండి."

"కోటు?"

"వదిలేస్తానండి."

"కొత్తదైనా?"

అసుంతా పెల్లెగ్రీనో చేరిన రోజు ఈ ప్రశ్నకి చాలాసేపు ఆలోచించింది. "కొత్తదైతే కొంచెం ఆలోచిస్తానండి," అంది. మేమంతా పగలబడి నవ్వాం. అలిడా మాత్రం ఆ పిల్ల రెండు భుజాలూ పట్టుకుని, కోటు వదిలేస్తానని ఒట్టు పెట్టించుకుంది. అసుంతాకి పంతొమ్మిదేళ్ళు. పక్క ఊరు కోయ్ట్స్‌విల్‌లో ఓడెక్కి వలస వచ్చిన తల్లితో ఉండేది, ఆ తల్లి నటుల బట్టలు ఉతికేది. నా పక్క స్టూలే అసుంతాది. కొత్తలో నెమ్మదిగా చేసేది, ఆ తరవాత నన్ను దాటిపోయింది.

మంట ఒక భయం. రెండో భయం పేటెంట్ల వాళ్ళు. కెమెరా లోపల ఫిలింని లాగే పళ్ళచక్రాల మీద హక్కు తమదంటే తమదని పెద్ద కంపెనీలు కొన్ని జట్టుకట్టాయి. వాళ్ళకి కప్పం కట్టని మాలాంటి చిన్నవాళ్ళు బొమ్మ తియ్యకూడదు. తీస్తున్నారని తెలిస్తే కోర్టు మనుషులు వచ్చి కెమెరా ఎత్తుకుపోయేవారు. కోర్టు మనుషులైతే ఫర్వాలేదు, ముందు వచ్చేవాళ్ళు వేరే, కిరాయి రౌడీలు. ఒకరోజు పొలంలో పెళ్ళి సీను తీస్తుంటే చెట్ల వెనక నుంచి తుపాకీ పేలింది. కెమెరా స్టాండు కాలు విరిగింది. పెళ్ళికూతురు వేషం వేసిన పిల్ల కంచె మీద నుంచి దూకి పారిపోయి మళ్ళీ రాలేదు. అప్పటి నుంచి షూటింగు అవగానే కెమెరాని దుప్పట్లో చుట్టి తెచ్చి మా అతుకుల గది వెనక బీరువాలో పెట్టేవాళ్ళు. బట్టల మధ్య పసిబిడ్డని దాచినట్టు దాచేవాళ్ళు.

అలా పెట్టాక ఓస్ట్రాండర్‌కి నిద్రపట్టడం మానేసింది. అతుకుల పిల్లల్లో ఒకత్తికి పేటెంట్ల వాళ్ళు జీతం ఇస్తున్నారని ఎవరో చెవిలో ఊదారు. అంతే, గది తలుపుకి బయట వైపు ఇనుప గడియ వెలిసింది. పొద్దున మేం లోపలికి వెళ్ళగానే ఓస్ట్రాండర్ బావమరిది లెగెట్ బయట నుంచి గడియ వేసేవాడు. మధ్యాహ్నం తిండికి తీసేవాడు, మళ్ళీ వేసేవాడు. కిటికీలకి ముందే ఊచలున్నాయి. గడియ పడ్డప్పుడు వచ్చే గరగర చప్పుడుకి మొదటి వారం చేతుల్లో పని ఆపి తలుపు వంక చూసేవాళ్ళం.

అలిడా ఆఫీసుకి వెళ్ళి అడిగింది. తోడుకి నన్ను లాక్కెళ్ళింది. బల్ల అంచు పట్టుకుని నిలబడి, "అంటుకుంటే ఎలాగండీ?" అంది.

"లెగెట్ మెట్ల దగ్గరే ఉంటాడుగా, తీస్తాడు," అన్నాడు ఓస్ట్రాండర్.

"ఆయన బీరు తాగడానికి వెళ్తాడండీ."

"వెళ్ళడు."

"వెళ్తాడండీ, నేను చూశాను."

"చూడండి మిస్ హేరింగ్. ఆ కెమెరా పోయిందా, నా కూడే కాదు, మీ అందరి కూడూ పోతుంది. నాకు మాత్రం సరదానా? మీకు ప్రతిదానికీ భయమే. నిన్న పిల్లిని చూసి కూడా అరిచారట."

"అది నా కాళ్ళ మీంచి పోయిందండీ," అంది అలిడా. నాకు నవ్వాగలేదు. ఓస్ట్రాండర్ కూడా నవ్వాడు. నవ్వుతోనే మాట అయిపోయింది, మేం వెనక్కి వచ్చేశాం. మెట్లెక్కుతూ ఆవిడ, "నువ్వు నవ్వకుండా ఉండాల్సిందే," అంది. నిజమే.

ఆ ఏడు వసంతంలో నది అవతల న్యూయార్కులో బట్టలు కుట్టే ఫ్యాక్టరీ ఒకటి కాలింది. పై అంతస్తుల్లో పనిచేసే పిల్లలు, తాళం వేసిన తలుపులు, కిటికీల్లోంచి దూకడాలు. వంద మందికి పైగా పోయారు, మీరూ వినే ఉంటారు. ఫెర్రీ అంటే చచ్చేంత భయమున్న అలిడా, మర్నాడు ఒక్కతే ఫెర్రీ ఎక్కి వెళ్ళి ఆ వీధిలో నిలబడి చూసి వచ్చింది. వారం పాటు డబ్బాలో తెచ్చుకున్న రొట్టె విప్పకుండానే ఇంటికి తీసుకెళ్ళింది. గడియ పడ్డప్పుడల్లా కళ్ళు మూసుకునేది.

ఆ వారం చివరన ఆవిడ చేసిన పని మాకెవరికీ తెలియదు, తరవాత నాకు ఆవిడే చెప్పింది. రోజూ అందరికంటే ముందు వచ్చి తలుపులు తీసేది అలిడానే. ఒక పొద్దున లెగెట్ రాకముందు, గడియ వెళ్ళి దూరే ఇనుప గూడు ద్వారబంధానికి బిగించి ఉంటుంది చూడండి, దాని పొడుగాటి స్క్రూలు నాలుగూ విప్పేసింది. వాటి చోట పొట్టి మొద్దు స్క్రూలు పెట్టి, వాటికి పట్టు దొరక్కుండా కన్నాల్లో సబ్బు కూరింది. పైకి చూస్తే ఏ తేడా లేదు. గడియ ఎప్పటిలాగే గరగరమని వెళ్ళి గూట్లో దూరుతుంది. తలుపు ఎప్పటిలాగే బిగుసుకుని ఉంటుంది. కానీ లోపలి నుంచి భుజంతో గట్టిగా ఒక్క తోపు తోస్తే గూడు ఊడి వచ్చేస్తుంది.

తలుపు అలా సిద్ధమైంది. దాంతో ఆవిడకి ఇంకో కొత్త భయం పట్టుకుంది. లెగెట్ కోపంగా ఉన్న రోజు గడియని విసురుగా తోస్తాడు. గూడు వాడి చేతిలోకి ఊడి వస్తే? అందుకని రోజూ పొద్దున ఆ చప్పుడు అయ్యేదాకా ఊపిరి బిగబట్టుకుని నిలబడేది. మేం అది చూసి, గడియకి కూడా భయపడుతోందని వెక్కిరించేవాళ్ళం. నేను ఆవిడలా కళ్ళు మూసుకుని గుండె పట్టుకుని నటించి చూపిస్తే గదంతా నవ్వేది, అసుంతా అయితే కళ్ళనీళ్ళు పెట్టుకుని నవ్వేది.

మాకు చెప్పలేదు. మాలో ఒకత్తి పేటెంట్ల వాళ్ళ మనిషేమోనని ఆవిడకీ అనుమానమే. ఎవరో ఒకరు నోరు జారితే లెగెట్‌కి తెలుస్తుంది, వాడు పొడుగు స్క్రూలు మళ్ళీ బిగిస్తాడు, ఇంకోసారి విప్పే వీలుండదు. తనకి తెలిస్తే చాలు, అంటుకున్న రోజు తను తోస్తుంది, అందరూ బయటపడతారు. అలా అనుకుంది. నేను ఆవిడ చోట ఉంటే నేనూ అలాగే అనుకుందును.

జనవరిలో అంటుకుంది. బయట గడ్డకట్టే చలి, అద్దాల మీద మంచు పేరుకుని ఉంది. గోడ వెంట ఆవిరి గొట్టాలు మామూలు కంటే వేడిగా ఉన్నాయి. కత్తిరించిన ముక్కలన్నీ మూత ఉన్న డబ్బాలో వెయ్యాలి. ఎక్కడిదో ఒక ముక్క గొట్టం వెనక్కి జారింది. ఎవరిదో తెలియదు, తెలుసుకోవాలని నేను అనుకోలేదు. ముందు వాసన వచ్చింది. నేను తలెత్తేసరికి తలుపు పక్క గోడ మీద పసుప్పచ్చ వెలుగు పాకింది. ఆ పక్కనే అతికిన రీళ్ళ అర ఉంది.

నాకు గుర్తున్నది చప్పుడు. మంట చప్పుడు కాదు, స్టూళ్ళన్నీ ఒక్కసారి పడ్డ చప్పుడు. అందరం లేచాం, అందరం కిటికీల వైపు పరిగెత్తాం. ఒక్కరంటే ఒక్కరు తలుపు వైపు తిరగలేదు. ఎందుకు తిరుగుతాం? అటు మంట ఉంది, పైగా బయట గడియ ఉంది. ఆ గడియ చప్పుడు మేం రోజూ చెవులారా విన్నాం, ఆ పొద్దున కూడా విన్నాం. చేత్తో, స్టూలుతో అద్దాలు పగలగొట్టాం. ఊచలు పట్టుకుని మొహాలు బయటికి పెట్టి, "లెగెట్! లెగెట్!" అని అరిచాం. లెగెట్ సెలూన్లో ఉన్నాడు.

"తలుపు! తలుపు దగ్గరికి రండే!" అని వెనక నుంచి అలిడా అరుస్తోంది. "తోస్తే వస్తుందే! రండే!"

"గడియుందండీ!" అని ఎవరో ఏడుస్తూ అరిచారు.

"లేదే! లేదు, వస్తుంది!"

ఎవరు నమ్ముతారు? గడియ చూసి కూడా గుండె పట్టుకునే మనిషి, మతి పోయి అరుస్తోందనుకున్నాం. గోధుమరంగు పొగ నెత్తి మీదకి దిగుతోంది. అది గొంతులో గాజుపెంకులా దిగుతుంది. నా పక్కన అసుంతా రెండు చేతులతో రెండు ఊచలు పట్టుకుని, నుదురు వాటికి ఆనించి, వాళ్ళ భాషలో ఏదో ఆపకుండా చెప్పుకుంటోంది.

నేను వెనక్కి ఎందుకు చూశానో నాకు తెలియదు. అలిడా మంట పక్క నుంచి, మొహానికి కొంగులా ఏప్రాన్ అడ్డం పెట్టుకుని తలుపు దాకా వెళ్ళింది. భుజంతో కొట్టింది. ఏమీ కాలేదు. ఆవిడ మనిషెంత, పిడికెడు. మళ్ళీ కొట్టింది. ఆవిడ జుట్టు అంటుకుంది. దాన్ని చేత్తో చరిచి ఆర్పుకుంటూ మళ్ళీ కొట్టింది. అప్పుడు తలుపు సందులో సన్నగా వెలుతురు గీత కనబడింది నాకు. గడియ పెట్టిన తలుపుకి అంత సందు రాదు. నేను పరిగెత్తాను. ఇద్దరం కలిసి పడ్డాం దాని మీద. గూడు ఊడి మెట్ల మీద గణగణమంటూ దొర్లిపోయింది. దాని వెనకే మేమిద్దరం మొహాల మీద పడ్డాం.

ఆ తరవాత పిల్లలు వచ్చారు. కొందరు చూసి వచ్చారు, కొందరిని జుట్టు పట్టుకుని లాక్కొచ్చాం. తలుపు తెరుచుకోగానే గాలి దొరికి మంట గదంతా లేచింది. అలిడా మళ్ళీ లోపలికి వెళ్ళింది. ఆవిడ వెనకే నేను, ఆవిడ గౌను పట్టుకుని. అసుంతా ఊచలు వదల్లేదు. అలిడా ఆ పిల్ల వేళ్ళు ఒక్కొక్కటీ ఊడదీస్తూ, "తలుపు తెరుచుకుందే అమ్మా, తెరుచుకుంది, చూడవే," అంటోంది. ఒక చెయ్యి ఊడదీస్తే అది మళ్ళీ వెళ్ళి పట్టుకుంటోంది. అసుంతా వెనక్కి తిరిగి చూడలేదు. నాకు ఊపిరి అయిపోయింది. నేను అలిడాని నడుం దగ్గర పట్టుకుని లాగేశాను. ఆవిడ నన్ను తన్నింది, కొరికింది. అయినా లాగేశాను.

కెమెరాకి ఏమీ కాలేదు. బీరువా ఇనుపది.

రెండు రోజుల తరవాత నేను అలిడా ఇంటికి వెళ్ళాను. కాలిన ఆవిడ చేతులకి గుడ్డలు చుట్టి ఉన్నాయి. బంగాళదుంపల సూప్ నేనే తాగించాను. తాగాక, గుండీల డబ్బా తియ్యమంది. అందులో నాలుగు పొడుగాటి స్క్రూలు. అప్పుడు చెప్పింది మొత్తం.

"రేపు ఊరి హాల్లో విచారణ," అంది. "ఏం చెప్పనే టెస్?"

"ఏమీ చెప్పకండి," అన్నాను. "తలుపు తోశాను, వచ్చింది, అనండి. అబద్ధం కాదుగా."

"గడియ సంగతి?"

"మిస్ హేరింగ్, వినండి. మీరు స్క్రూల సంగతి చెప్పారనుకోండి, అసుంతా తల్లి అక్కడే కూర్చుని ఉంటుంది. తెరిచి ఉన్న గదిలో కూతురు పోయిందని మీ నోటితో వింటుంది. వినగలదా? మీరు అనగలరా?"

ఆవిడ గుడ్డ చుట్టిన చేత్తో స్క్రూల్ని దగ్గరికి జరుపుకుంది. "భయమేస్తోందే," అంది. ఆ మాట ఆవిడ నోట వెయ్యిసార్లు విన్నాను. నవ్వు రాకుండా విన్నది అదే మొదటిసారి.

అప్పటికే ఓస్ట్రాండర్ మనిషి మా ఇళ్ళన్నిటికీ వచ్చి వెళ్ళాడు. కొత్త గది చూశారట, పాతవాళ్ళందరికీ పని ఉంటుందట, గడియ సంగతి ఎవరూ ఎత్తకుండా ఉంటే మంచిదట. మా నాన్న నా వంక చూశాడు, నేను నేల వంక చూశాను.

హాలు నిండిపోయింది. ముందు వరసలో అసుంతా తల్లి నల్లబట్టల్లో కూర్చుంది, ఒళ్ళో చేతులు ఒకదాని మీద ఒకటి పెట్టుకుని. కౌంటీ నుంచి వచ్చిన అధికారి ముసలాయన, చెవి కాస్త మందం. ఓస్ట్రాండర్ లేచి నిలబడ్డాడు. బాధ లేదని అనను, మనిషి సగమైపోయాడు. కానీ నోరు మాత్రం బాగానే తిరిగింది.

"పగటిపూట మేం ఏనాడూ గడియ వెయ్యలేదండీ. అది రాత్రి దొంగల కోసం పెట్టింది. వేసి ఉంటే ఇంతమంది పిల్లలు ఆ తలుపులోంచి ఎలా బయటికి వచ్చారు? మీరే చెప్పండి."

లెగెట్ అదే చెప్పాడు. అధికారి మమ్మల్ని వరసగా అడిగాడు. ఒకత్తి పొగలో ఏం కనబడలేదంది. ఒకత్తి ఏడ్చింది. నా వంతు వచ్చింది. "తోస్తే వచ్చిందండీ," అన్నాను. అబద్ధం కాదు. ఆయన తలూపి అలిడాని పిలిచాడు.

ఆవిడ వణుకుడికి కుర్చీ కాళ్ళు నేల మీద టకటకలాడుతున్నాయి. అధికారి కాస్త మంచినీళ్ళు ఇమ్మన్నాడు. గుడ్డలు చుట్టిన చేతులతో గ్లాసు పట్టుకోలేక వద్దంది. హాల్లో అందరూ ఆవిణ్ణి మెచ్చుకోలుగానే చూస్తున్నారు. పేపర్లో అప్పటికే ఆవిడ పేరు పడింది, పిల్లల్ని కాపాడిన ధైర్యవంతురాలని. 'అవును, తెరిచే ఉంది' అని రెండు మాటలంటే చాలు, పువ్వుల్లో పెట్టి ఇంటికి పంపేవాళ్ళు. నేను మనసులో, అనండి, అనేసి రండి, అనుకుంటున్నాను.

"గడియ రోజూ వేసేవారండీ," అంది. అధికారికి వినబడక మళ్ళీ చెప్పింది. "రోజూ వేసేవారు. ఆ రోజూ వేశారు. ఈ నాలుగు స్క్రూలూ ఆ గూటివి. ఏప్రిల్లో నేను విప్పేశాను. పొట్టివి పెట్టాను. అందుకే వచ్చింది."

స్క్రూలు బల్ల మీద పెట్టబోతే ఒకటి దొర్లి కింద పడింది. దాని చప్పుడు హాలంతా వినిపించింది. ఓస్ట్రాండర్ లేవబోయి కూర్చున్నాడు.

"అంటే తలుపు తెరుచుకుంటుందని మీకు ముందే తెలుసా?" అన్నాడు అధికారి.

"తెలుసండీ."

"పిల్లలకి తెలుసా?"

"తెలియదండీ. నేను చెప్పలేదు."

"ఎందుకు చెప్పలేదు?"

"భయమేసిందండీ," అంది.

ఆ విచారణ తరవాత మా కొండ మీద కంపెనీలన్నిటిలో అధికారులు తిరిగి బయటి గడియలు పీకించారు. ఓస్ట్రాండర్‌కి జరిమానా పడింది, జైలు పడలేదు. అతను ఆ కెమెరాని దుప్పట్లో చుట్టుకుని కాలిఫోర్నియా రైలెక్కాడు. అక్కడ ఇంకో పేరుతో కంపెనీ పెట్టాడని కొందరు, మళ్ళీ చేతితొడుగులు అమ్ముకున్నాడని కొందరు అన్నారు. అద్దాల షెడ్డు వేరేవాళ్ళు కొన్నారు. మేం తలో దిక్కూ చెదిరిపోయాం. పని పోయిన పిల్లల్లో సగంమంది అలిడాని తిట్టుకున్నారు. వీధిలో ఎదురైతే అవతలి పక్కకి తప్పుకునేవారు, తాము ఎవరి భుజం వల్ల బతికి ఉన్నారో మరిచిపోయి. నాకు అది తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది. ఆవిడ మాత్రం ఏమీ అనేది కాదు. ఒక లాండ్రీలో ఇస్త్రీ పని చేసుకుంటూ మిగతా బతుకు వెళ్ళదీసింది. అక్కడ కొత్తగా చేరిన ప్రతి పిల్లనీ మొదటి రోజే తలుపు దగ్గరికి తీసుకెళ్ళి, చేత్తో తోయించి చూపించేదట.

కానీ నేను చెప్పాల్సింది ఆ హాలు సంగతి. జనం లేచి వెళ్ళిపోతున్నారు. ఎవరూ అలిడా దగ్గరికి రాలేదు. ఆవిడ కుర్చీలోనే ఉండిపోయింది, నేను వెనక నిలబడ్డాను. అసుంతా తల్లి ముందు వరసలోంచి లేచి నెమ్మదిగా వచ్చింది. కొడుతుందనుకున్నాను. కొడితే నేను అడ్డం వెళ్ళకూడదనీ అనుకున్నాను. ఆవిడ వంగి, కింద పడిన స్క్రూ తీసి బల్ల మీద మిగతావాటి పక్కన పెట్టింది. బట్టలు ఉతికీ ఉతికీ పాలిపోయిన వేళ్ళు. మా భాష ఆవిడకి అంతంత మాత్రమే, మాటలు వెతుక్కుంటూ మాట్లాడింది.

"ఒక్క మాట చెప్పి ఉండాల్సిందమ్మా," అంది. "మా అసుంతా ఎవరికీ చెప్పేది కాదు."

అలిడా తలెత్తి ఆవిడ మొహంలోకి చూసింది.

"అవునండీ," అంది. "చెప్పేది కాదు."